బండి ర, అరసున్న, కిరసనాయిలు

మొన్న మోటారు సైకిలు బాగు చేయించడానికి వెళ్ళాను. మెకానిక్ గొలుసు ఊడదీసి, కిరసనాయిలు పోసిన పళ్ళెంలో వేసి బ్రష్షుతో రుద్దుతున్నాడు. నల్లటి జిడ్డు కరిగి ఆ వాసన గుప్పుమనగానే తెనాలిలో నేను పనిచేసిన అచ్చాపీసు కళ్ళ ముందుకు వచ్చింది. అక్కడ అచ్చు పూర్తయిన ఫారాలను, అంటే సీసపు అక్షరాలు పేర్చి బిగించిన పేజీలను, కిరసనాయిలుతో కడిగేవాళ్ళు. సీసపు అక్షరాల మీద సిరా, దాని మీద కిరసనాయిలు, పక్కన తడి కాగితం, ఇవన్నీ కలిసిన వాసన అది. సాయంత్రం ఇంటికి వెళ్తే అమ్మ నన్ను చూడకుండానే "వచ్చావా నాయనా" అనేది. చొక్కా వాసనే ముందుగా వెళ్ళి చెప్పేదన్నమాట.

ఇంటికి వచ్చాక రాత్రంతా అవే మాటలు చెవిలో తిరిగాయి. వలఱేఁడు, మిన్నేఱు, రుధిరోద్గారి, కౢప్తము. ఎవరి నోటా వినపడని ఈ మాటలు ఒకప్పుడు నా రోజువారీ పని. అందుకే ఇది రాస్తున్నాను.

అచ్చాపీసు అంటే పెద్దదేమీ కాదు. పెంకుటింటి ముందు గదిలో కాలితో తొక్కే ట్రెడిల్ మిషను, వెనక పొడవాటి వసారాలో కంపోజింగు. గోడ వారగా ఏటవాలు బల్లల మీద గళ్ళపెట్టెలు. ఇంగ్లీషుకు రెండు పెట్టెలుంటే పని జరిగిపోతుంది. తెలుగుకు అలా కుదరదు. గుణింతాలు, ఒత్తులు, జంట అక్షరాలు కలిపి కొన్ని వందల గళ్ళు కావాలి. కంపోజిటర్ కళ్ళు రాతప్రతి మీద ఉంటాయి, చెయ్యి మాత్రం గళ్ళలోకి దానంతట అదే వెళ్ళి అక్షరాన్ని తీసి ఎడమ చేతిలోని స్టిక్కులో పేరుస్తుంది. టిక్, టిక్, టిక్. ముందు గదిలో ట్రెడిల్ లయ ఒకటి, వసారాలో ఈ టిక్కుల లయ ఒకటి. వసారా చివర, కిటికీ దగ్గర, ఆ రెంటి మీదుగా వినపడేలా నేను చదవాలి. అదే నా ఉద్యోగం.

ప్రూఫులు దిద్దడంలో ఇద్దరు మనుషులుండేవారు. ఒకరు రాతప్రతిని పైకి చదువుతారు, రెండోవారు ప్రూఫు ముందు పెట్టుకుని వింటూ దిద్దుతారు. దిద్దేది మాస్టారు. ఉభయభాషాప్రవీణ చదివి, హైస్కూల్లో తెలుగు పండితులుగా పనిచేసి విరమించిన మనిషి. తెల్లటి పంచె, భుజాన కండువా, చేతిలో ఎర్ర పెన్సిలు. చదివేది నేను. కామా వస్తే కామా అని, పేరా మారితే పేరా అని చెప్పాలి. చెవికి తేడా తెలియని అక్షరం వస్తే దాని పేరు కూడా చెప్పి తీరాలి. 'వేఱు' అని ఉంటే "వేఱు, బండి ర" అనాలి. ఊరికే 'వేరు' అంటే అది చెట్టు వేరు. 'ఏఱు' పారే నది, 'ఏరు' నాగలి. 'అఱుగు' అంటే తిన్నది జీర్ణం కావడం, 'అరుగు' వీధిలో మనం కూర్చునేది. అరసున్నలూ అంతే. 'పోఁక' వక్క, 'పోక' వెళ్ళడం. 'ఏఁడు' సంవత్సరం, 'ఏడు' అంకె. వీటిని నోటితో పలకడంలో తేడా ఎప్పుడో పోయింది. కాగితం మీద మాత్రం మిగిలింది. కాబట్టి ఆ అక్షరాలను పేరు పెట్టి పిలవవలసి వచ్చేది.

ఇప్పుడు ఆలోచిస్తే, ఆ వసారాలో వినపడినంత గట్టిగా ఆ అక్షరాల పేర్లు ఆ ఊళ్ళో మరెక్కడా వినపడి ఉండవు. బండి ర, అరసున్న, వలపలగిలక, 'కృ'లోని వట్రసుడి, 'క్ర'లోని క్రావడి, 'న్' అనే నకారపొల్లు. పాత పుస్తకాల పునర్ముద్రణ వచ్చిందంటే ఇవే రోజంతా. 'ధర్మము' అన్న మాటను పాత అచ్చులో రేఫను పక్కకు నెట్టి, మ తర్వాత తెలుగు తొమ్మిది అంకె (౯) లాంటి గుర్తు పెట్టి వేసేవారు. అదే వలపలగిలక. ఆ పేరు తెలిసినవాళ్ళు ఈ రోజు మీ ఇంట్లో ఎందరున్నారో అడిగి చూడండి.

నా గొంతుకు ఆ ఉద్యోగం రావడానికి కారణం మా తాతయ్య. తెల్లవారుజామున నులకమంచం మీద కూర్చుని అమరకోశం వల్లె వేసేవాడు. స్వర్గానికి పేర్లతో మొదలై దేవతలు, రాక్షసులు, దిక్కులు, మేఘాలు ఇలా వరుసగా సాగిపోయేది. అర్థం అడిగితే "ముందు నోరు తిరగనీ" అనేవాడు. మహాప్రాణాలు ఒత్తి పలకడం నాకు అలా అలవాటైంది. మాస్టారు మొదటి రోజు నా చేత ఒక పేజీ చదివించుకుని, 'ఘ'నూ 'భ'నూ విని తల ఊపారు. జీతం సంగతి ఆ తర్వాత మాట్లాడుకున్నారు.

మాస్టారిది ఒక పట్టుదల. అర్థం తెలియని మాటను చదవనిచ్చేవారు కాదు. "అర్థం తెలియకపోతే ఊపిరి తప్పు చోట విరుగుతుందిరా" అనేవారు. ఒక పాత ప్రబంధాన్ని టీకా తాత్పర్యాలతో అచ్చు వేస్తున్న రోజుల్లో ఇది బాగా తెలిసి వచ్చింది. 'వలఱేఁడు' అని చదివాననుకోండి. పెన్సిలు ఆగేది. వల అంటే వలపు, ఱేఁడు అంటే రాజు, కాబట్టి మన్మథుడు. 'తొగఱేఁడు' తొగలకు, అంటే కలువలకు రాజు, చంద్రుడు. 'మిన్నేఱు' మిన్నులో పారే ఏఱు, ఆకాశగంగ. ఇవి విన్నాక మాటను మధ్యలో ఎక్కడ ఆపాలో, ఎక్కడ ఆపకూడదో గొంతుకే తెలిసిపోయేది. రెండు చిన్న తెలుగు మాటలు కలిసి అంత పెద్ద దేవుణ్ణి పట్టుకురావడం నాకు అప్పుడూ ఆశ్చర్యమే, ఇప్పుడూ ఆశ్చర్యమే. సంస్కృతం రాకపోతే తెలుగులో కొత్త మాట పుట్టదనేవాళ్ళకు నేను ఈ మూడు మాటలే చెబుతుంటాను.

ఆయన పక్కన ఎప్పుడూ శబ్దరత్నాకరం ఉండేది. బహుజనపల్లి సీతారామాచార్యులు గారు కూర్చిన ఆ నిఘంటువు 1885లో వచ్చింది. మాస్టారి ప్రతికి అట్ట ఊడిపోతే మా బైండరే కొత్త అట్ట వేసి, వెనక గుడ్డ అంటించి ఇచ్చాడు. ప్రతి మాట పక్కన పొట్టి అక్షరాలుంటాయి. 'దే. వి.' అంటే దేశ్య విశేష్యం, అచ్చ తెలుగు నామవాచకం. 'వై. వి.' అంటే వైకృత విశేష్యం, సంస్కృత ప్రాకృతాల నుంచి రూపు మారి వచ్చిన నామవాచకం. ఆ రెండు అక్షరాలు చూసి మాట పుట్టుక చెప్పేయవచ్చు. అది చాలకపోతే బ్రౌను. 1852 నాటి ఆ నిఘంటువులో పండితుల మాటలతో పాటు వీధిలోని మాటలూ దొరుకుతాయని మాస్టారికి దానిమీద ప్రత్యేకమైన గౌరవం. అక్కడా దొరకకపోతే సాయంత్రం గ్రంథాలయానికి వెళ్ళి, పిఠాపురం మహారాజావారి పోషణలో తయారైన సూర్యరాయాంధ్ర నిఘంటువు సంపుటాలు దించుకునేవారు. మర్నాడు ఉదయం రాగానే, కండువా కూడా తీయకుండా, "దొరికిందిరా" అనేవారు. ఆ ఒక్క మాటలోని సంతోషం చూడడానికే నేను పెందలాడే వెళ్ళేవాణ్ణి.

చ, జల సంగతి వేరు. వాటికి ఆయన ఏకంగా పాఠమే చెప్పారు. తెలుగులో చ రెండు రకాలు, జ రెండు రకాలు. నాలుక నడుమ భాగం అంగిలికి తగిలితే తాలవ్యం. నాలుక కొన పైపళ్ళ వెనక తగిలితే దంత్యం. చిలుక, చెట్టు, జీతం, జెండా తాలవ్యాలు. చలి, చుక్క, జడ, జొన్న దంత్యాలు. అచ్చ తెలుగు మాటల్లో ఇ, ఈ, ఎ, ఏల ముందు తాలవ్యం, అ, ఆ, ఉ, ఊ, ఒ, ఓల ముందు దంత్యం. సంస్కృతం నుంచి ఉన్నది ఉన్నట్టు వచ్చిన మాటల్లో మాత్రం అన్నిచోట్లా తాలవ్యమే. అందుకే పడుకునే చాపకు దంత్యం, విల్లు అనే అర్థంలోని చాపానికి తాలవ్యం. తల మీది జడకు దంత్యం, మందబుద్ధి అయిన జడుడికి తాలవ్యం. చంద్రుణ్ణి ఒక విధంగా పలికి, అదే ఆకాశంలో ఉన్న అదే చందమామను మరో విధంగా పలకాలి. మాస్టారు తన నోరు తెరిచి నాలుక ఎక్కడ తగులుతోందో చూపించేవారు. ట్రెడిల్ దగ్గరి కుర్రాడు కూడా కాలు ఆపి చూసేవాడు.

నిఘంటువుల్లో దంత్యాన్ని చూపడానికి అక్షరం నెత్తిన చిన్న తెలుగు రెండంకె (౨) లాంటి గుర్తు పెడతారు, ౘ, ౙ అని. మా పెట్టెల్లో ఆ టైపు లేదు. ఉన్న చ, జలతోనే సరిపెట్టేవాళ్ళం. గుర్తు లేకపోయినా నోరు తేడా చూపాలని మాస్టారి వాదన. ఈ రోజు టీవీలో వార్తలు చదివేవాళ్ళు చలిగాలులను ఇంగ్లీషు చ తో చదువుతుంటే నాకు నిజంగా బాధ కలుగుతుంది. తెలుగువాళ్ళ నోట్లో తరతరాలుగా, ఎవరూ నేర్పకుండానే నిలిచిన ధ్వని అది. బడిలో ఒక్క గంట చెబితే వచ్చేది, చెప్పక పోతోంది.

పంచాంగాల రోజులు వచ్చాయంటే వసారాలో నిలబడడానికి చోటుండేది కాదు. ఉగాదికి చాలా ముందే ఆ పని మొదలయ్యేది. అంకెలు, తిథులు, ఘడియలు, విఘడియలు. గొంతు ఆరిపోతే మజ్జిగ తెప్పించేవారు. నాకు బాగా గుర్తున్నది 1983 ఉగాదికి వచ్చిన రుధిరోద్గారి నామ సంవత్సరం. ప్రతి పేజీ నెత్తిన ఆ పేరే. కంపోజిటర్లు, చందాదారులు, కాగితం తెచ్చే వర్తకుడు, అందరూ రుధిరోద్ఘారి అని గ కింద ఒత్తు పెట్టేవారు. రుధిరం నెత్తురు, ఉద్గారం పైకి కక్కడం. నెత్తురు కక్కేది అని అర్థం. గ కు ఒత్తు లేదు. ఆ తర్వాతి ఏడు రక్తాక్షి, ఎర్రటి కళ్ళది. ఆపై క్రోధన, కోపిష్ఠిది. ఇలాంటి పేర్లు వరుసగా వచ్చాక అరవయ్యోది అక్షయ, తరగనిది. "పేర్లు పెట్టినవాడు చివరకు మనల్ని చల్లగా చూశాడు" అని మాస్టారు అనేవారు. క్రోధన వేరు, క్రోధి వేరు అని కూడా అప్పుడే తెలిసింది. రెండూ అరవైలో ఉన్నాయి, మధ్య ఇరవై ఒక్క ఏళ్ళ దూరం. 2017లో హేవిళంబి అనాలా హేమలంబ అనాలా అని ఊరూరా చర్చ జరిగినప్పుడు నాకు మాస్టారే గుర్తుకు వచ్చారు. ఒక్క సంవత్సరం పేరు మీద అంతమంది పట్టుగా మాట్లాడడం చూస్తే ఆయన ఎంతో సంబరపడేవారు.

పంచాంగంలోనే ఇంకొక చిక్కు ఉండేది. మధ్యాహ్నానికి న, అపరాహ్ణానికి ణ. కంపోజిటర్ రెండింటికీ ఒకే ఒత్తు వేసేవాడు. పూర్వాహ్ణం, అపరాహ్ణం అన్న మాటల్లో ముందు ర ఉంది, ఆ ర ప్రభావం వల్ల న కాస్తా ణ అయింది. మధ్యాహ్నం, సాయాహ్నం మాటల్లో ముందు ర లేదు, కనుక న నిలిచింది. ఈ ఒక్క సంగతి చెప్పి మాస్టారు కంపోజిటర్ వైపు చూస్తే, అతను పెట్టెలో వేళ్ళు ఆడించి, "అయితే ర ఉందో లేదో చూసుకుంటే చాలు కదండీ" అన్నాడు. ఆ తర్వాత ఆ పొరపాటు మళ్ళీ రాలేదు. పలకడంలోనూ అందరం న ముందు, హ తర్వాత పెట్టేస్తాం. చిన్హం, మధ్యాన్హం అంటాం. హ ముందు రావాలి, ఊపిరి ముందు వదిలి తర్వాత న అనాలి. చిహ్నం, వహ్ని, జాహ్నవి. నెమ్మదిగా చెప్పి చూడండి, వస్తుంది.

అన్ని అక్షరాల్లోకీ మా వసారాను కదిలించింది ఌ కారం. అక్షరమాలలో పిల్లలు పాట పాడినట్టు చెప్పి దాటేసే అక్షరం. ఒక వ్యాకరణ గ్రంథంలో 'కౢప్తము' అన్న మాట వచ్చింది. క కింద ఆ గుర్తు కావాలి. గళ్ళన్నీ వెతికారు, లేదు. టైపు దొరకనప్పుడు అచ్చాపీసుల్లో ఒక పద్ధతి ఉంది. అంతే వెడల్పున్న వేరే టైపును తలకిందులు చేసి ఆ చోట నిలబెడతారు. ప్రూఫులో అక్కడ అక్షరానికి బదులు నల్లటి రెండు గీతలు పడతాయి, ఇక్కడ ఏదో రావాలని గుర్తు. ఆ పేజీ ప్రూఫు తీస్తే పొడుగునా నల్లగీతలే. టైపు పోతపోసే మద్రాసు ఫౌండ్రీకి ఉత్తరం రాసి, పార్సెలు వచ్చేదాకా ఆ ఫారాన్ని దారంతో కట్టి పక్కన పెట్టారు. చిన్న కాగితపు పొట్లంలో కొత్త టైపు వచ్చింది. కొత్త సీసం వెండిలా మెరుస్తుంది. ఫోర్‌మన్ గారు ఒకటి తీసి మాస్టారి అరచేతిలో పెట్టారు. ఆయన దాన్ని వెలుతురుకు తిప్పి చూస్తూ, సంస్కృతంలో కూడా ఌ కారం కనపడేది ఈ ఒక్క ధాతువులోనే అనీ, మనం రోజూ అనే 'క్లుప్తం' ఇదేననీ చెప్పారు. ఏర్పరచినది, కుదించినది అని దాని అర్థం. వసారాలో పని చేసే వాళ్ళందరూ వచ్చి ఆ టైపును చేత్తో పట్టుకుని చూశారు. క్లుప్తంగా చెప్పమని ఎవరైనా అంటే నా వేళ్ళకు ఆ చల్లటి సీసం ఇప్పటికీ తగులుతుంది.

ఇంతవరకూ మాస్టారి మాటలే చెప్పాను. అక్కడ మరో నిఘంటువు కూడా ఉంది. పెద్ద కంపోజిటర్. అందరం బాబాయ్ అనేవాళ్ళం. మంగళగిరి చేనేత కుటుంబం. మగ్గం మీద పూట గడవక అచ్చాపీసుకు వచ్చాడు. ఒకరోజు అచ్చుల గురించి, అంటే అ ఆ ఇ ఈల గురించి, మాస్టారు నాకు ఏదో చెబుతుంటే బాబాయ్ స్టిక్కు కింద పెట్టి, "మా ఇంట్లో అచ్చు వేరండీ" అన్నాడు. మగ్గంలో పడుగు పోగులు ఒక్కొక్కటి దూరి వెళ్ళే సన్నటి పళ్ళ చట్రాన్ని అచ్చు అంటారు. ఒక పడుగు నేయడం అయిపోయాక కొసలను అచ్చులోనే వదిలేసి, కొత్త పడుగు పోగులను ఆ కొసలకు ఒక్కొక్కటే మెలిపెట్టి కలుపుతారు. అది అచ్చు అతకడం. వేల పోగులు. వాళ్ళమ్మ దీపం దగ్గర కూర్చుని అతికేదట. బాబాయ్ బొటనవేలు, చూపుడు వేలు బూడిద అద్దినట్టు కలిపి, మెలి ఎలా తిరుగుతుందో గాలిలో చేసి చూపించాడు. దారం లేదు, అయినా మాకు పోగు కనపడింది.

మాస్టారు ఎర్ర పెన్సిలు పక్కన పెట్టి, జేబులోంచి కలం తీశారు. ఆ రోజు ప్రూఫులు ముందుకు సాగలేదు. పడుగు నిలువు పోగు, పేక అడ్డపోగు. నాడె అటూ ఇటూ పేకను మోసుకుపోయేది. దాని కడుపులో ఉండే నూలు చుట్ట కండె. మేకుల చుట్టూ నూలును అటూ ఇటూ తిప్పే ఆసు పోయడం, గోతిలో కాళ్ళు పెట్టుకుని నేసే గుంటమగ్గం, వీధి పొడవునా పడుగు సాగదీసి గంజి పట్టించడం. ఒక్కొక్క మాట అడగడం, బాబాయ్ చేత రెండుసార్లు పలికించుకోవడం, రాసుకోవడం. వలఱేఁడుకు ఎంత శ్రద్ధ చూపారో నాడెకూ అంతే చూపారు. నాకు ఆ మనిషి మీద ప్రేమ పుట్టింది ఆ రోజే. తర్వాత ఆయనే చెప్పారు, భద్రిరాజు కృష్ణమూర్తి గారి ఆధ్వర్యంలో ఆంధ్రప్రదేశ్ సాహిత్య అకాడమీ మాండలిక వృత్తిపదకోశం తెచ్చిందనీ, 1962లో వ్యవసాయం మీద మొదటి సంపుటం, 1971లో చేనేత మీద రెండోది వచ్చాయనీ. పండితులు ఊళ్ళు తిరిగి రైతులనూ నేతగాళ్ళనూ అడిగి రాసుకున్న మాటలవి. ఎన్నో ఏళ్ళ తర్వాత ఆసు పోసే యంత్రం కనిపెట్టిన చింతకింది మల్లేశం గారికి 2017లో పద్మశ్రీ వచ్చినప్పుడు, పత్రికలు 'ఆసు' అంటే ఏమిటో వివరించవలసి వచ్చింది. నేను ఆ వార్తను బయటికి చదివాను, అలవాటు కొద్దీ.

ఆఫ్‌సెట్ వచ్చింది. దాని వెనకే కంప్యూటర్లు వచ్చాయి. మా అచ్చాపీసులో టైపును తూకానికి అమ్మేశారు. గళ్ళపెట్టెలు పాత సామాన్ల వాళ్ళు తీసుకుపోయారు. దాని గురించి ఎక్కువ రాయను, అన్ని ఊళ్ళలోనూ అదే జరిగింది. నిజానికి మా పెట్టెల్లో ఎన్నడూ లేని ౘ, ౙలు 2008లో కంప్యూటర్లన్నీ వాడే అక్షరాల పట్టిక యూనికోడ్‌లోకి వచ్చాయి. ఇప్పుడు అవి ఎవరి ఫోనులోనైనా ఉంటాయి. బండి ర ఉంది, అరసున్న ఉంది, ఌ కోసం మద్రాసుకు ఉత్తరం రాయనక్కర లేదు. నిఘంటువులన్నీ చేతిలోకి వచ్చాయి. ఇది ఎంత గొప్ప సంగతో టైపు కోసం ఎదురుచూసిన వాళ్ళకు తెలుస్తుంది. అయితే పక్కన కూర్చుని విని, "అలా కాదు, నాలుక ఇక్కడ" అని చెప్పేవాళ్ళు ఉండాలి. అక్షరం దొరికింది కానీ గొంతు దొరకడం లేదు.

మాస్టారు పోయి చాలా కాలమైంది. ఆయన రాసుకున్న నోటు పుస్తకాన్ని వాళ్ళ అమ్మాయి నాకు ఇచ్చింది. ఒక పక్క కావ్యాల మాటలు, ఎదురు పేజీలో బాబాయ్ మాటలు. చేనేత మాటల్లో కొన్నింటి పక్కన 'అడగవలెను' అని ఉంది. కిరసనాయిలు వాసన తగిలిన మర్నాడు ఆ పుస్తకం తీసి, మంగళగిరికి ఫోను చేశాను. బాబాయ్‌కి ఎనభై దాటాయి, చెవి కొంచెం మందగించింది, మాట మాత్రం ఖంగుమంటోంది. మాస్టారు అడగకుండా వదిలేసిన మాటలను ఒక్కొక్కటే చదివాను. మొదటిది 'చిలప'.

"నూలు కట్టలుగా వస్తుంది చూశావూ, ఒక్కొక్క చుట్ట చిలప. చిలపలు తెచ్చి రాట్నం మీద కండెలు చుట్టుకోవాలి. చి కదా, అంగిలికి తగలాలి. మీ మాస్టారు అనేవారుగా. రాసుకున్నావా అబ్బాయ్? ఏదీ, గట్టిగా చదువు, ఇక్కడ వినపడాలి."

చదివాను. సరే, కాగితం ఇంకా ఉందా, తర్వాతిది చెప్పు అన్నాడు.